అన్నింటికీ అవును

వంతు 42వ రోజు, పొద్దున్న

మైల పట్టిన పదకొండు రోజులూ ఈ పుస్తకం ముట్టలేదు. ఆపిన పుస్తకం మళ్ళీ తెరిచినప్పుడు ముందు అందరి క్షేమం అడగాలన్నది మా తెప్పలవాడ పద్ధతి. అందుకని వరసగా అడుగుతున్నాను.

తీరంలో రేడియో ముందు కూర్చునే మరిడమ్మా, నీ నడుం నొప్పి ఎలా ఉంది? కుర్చీలో దిండు పెట్టుకోమన్నాను, పెట్టుకున్నావా? లచ్చన్నా, దగ్గు తగ్గిందా? తడి వలల మధ్య పడుకోవద్దని చెప్పీ చెప్పీ నా నోరు పోయింది. దాసమ్మ అప్పా, నువ్వు పక్క తెప్ప మీదే ఉన్నావు, తడికకి చెవి ఆనిస్తే నీ గురక వినిపిస్తుంది, అయినా పుస్తకంలో అడగాలి కదా: రెండు పూటలా తింటున్నావా? నూకాలూ, నా చెల్లీ, ఉప్పుటేరు వాడలో నీ కళ్ళు ఎలా ఉన్నాయి? కుడి కంట్లో వెలుగు ఇంకా ఉందా?

కంప్యూటరు పెట్టెలో ఉండేవాళ్ళనీ అడగాలి. పడవకి దారి చెప్పే రేవు బాగుందా? గాలికి తెప్ప ఎటు ఒరిగిందో చూసుకుని తొట్టి నీళ్ళు కొలిచే మంచినీళ్ళు బాగుందా? నాచు పెంచే తాళ్ళని గాలి ఎటు లాగుతోందో చూసే మోకులు బాగుందా?

బాగాలేవు. మూడూ బాగాలేవు. అందుకే పొయ్యి కూడా వెలిగించకుండా రాస్తున్నాను.

నిన్నటి దాకా బాగానే ఉన్నాయి. నిన్న గురువులు బావగారి అంపకం. ఆయన నా పెనిమిటికి అన్న, దాసమ్మ అప్పకి భర్త. పదకొండో రోజున పోయినవాళ్ళ వస్తువులన్నీ సముద్రానికి ఇచ్చెయ్యాలి. ఒక్కటి మిగిలినా ప్రాణం దానికి చుట్టుకుని కదలదంటారు. తెడ్డు, చొక్కాలు, కళ్ళజోడు, చుట్టల డబ్బా, అన్నీ ఇచ్చేశాం. తెప్ప అంచున నిలబడి లచ్చన్న గట్టిగా అడిగాడు, "అంతా ఇచ్చీసినట్టేనా?" అని. దాసమ్మ అప్ప "అవును" అంది. అక్కడికి అయిపోవాలి.

కానీ పెట్టెలో బావగారు చేసిన ప్రోగ్రాం ఒకటి ఉంది. 'గురువులు గాలి' అని దాని పేరు. స్తంభం మీద తిరిగే గాలికోడిని చూసి, ఏ దిక్కు గాలి, ఎప్పుడు వాన అని చెప్పేది. ఆయన పేరున్నది కనుక అదీ పోవాలి. తొమ్మిదిళ్ళలో ఈ ఏడు పెట్టె వంతు మా ఇంటిది. ఆ పని నా చేతి మీద పడింది.

నేను మూడో తరగతి దాకా చదివాను. తెలుగు కూడబలుక్కుని చదువుతాను, మౌసు పట్టుకుంటే తెర మీద బాణం ఒక చోట నిలవదు. పేర్ల పట్టీ తెరిచాను. రేవు, మంచినీళ్ళు, మోకులు, దాసి బట్టలు, గురువులు గాలి. 'దాసి బట్టలు' అంటే అప్ప చీరల లెక్క కాబోలనుకున్నాను. 'గురువులు గాలి' మీద నొక్కి, తీసివేయి అన్నాను. అప్పుడు పెట్టె అడిగింది: "ఈ ఉమ్మడి ఫైలు మీద ఇంకెవరి పేరూ లేదు. దీన్ని కూడా తీసివేయమంటారా?" దాని కింద మూడు గళ్ళు. అవును. అన్నింటికీ అవును. కాదు.

అంపకం రోజున మా వాడలో కాదు, లేదు, వద్దు అనే మాటలు ఎవరూ అనరు. అంటే పోయేవాళ్ళ కాళ్ళకి అడ్డం పడినట్టే. ఆ రోజు అన్నం చాలనుకున్నవాళ్ళు కూడా కంచం మీద చెయ్యి పెట్టి ఊరుకుంటారు. మరి నేను 'కాదు' ఎలా నొక్కుతాను? మళ్ళీ మళ్ళీ అడుగుతుందేమోనన్న భయంతో 'అన్నింటికీ అవును' నొక్కేశాను. పెట్టెలో చెత్తబుట్ట కూడా ఖాళీ చేశాను. సముద్రంలో వేసినదాని వైపు తిరిగి చూడకూడదు కదా.

ఈ పొద్దున్న రేవు తెరిస్తే తెర మీద ఒక మాట వచ్చింది. అక్షరం అక్షరం చూసి రాస్తున్నాను. "రేవు మొదలవడం లేదు. గాలిదిక్కు డిఎల్ఎల్ కనబడలేదు." మంచినీళ్ళు తెరిస్తే అదే మాట. మోకులు తెరిస్తే అదే మాట.

ఈ గాలిదిక్కు ఎవరో, ఎక్కడికి పోయిందో నాకు తెలియదు. బావగారి మీద బెంగతో పోయిందా?

వంతు 42వ రోజు, మధ్యాహ్నం

సూర్యుడు నడినెత్తికి వచ్చినప్పుడు తీరం రేడియో పలుకుతుంది. మరిడమ్మకి అంతా చెప్పాను. వాడలన్నిటికీ వినిపిస్తుంది కనుక సిగ్గేసింది, అయినా చెప్పాను.

"మామ్మా, కంగారు పడకండి. ఒకటి అడుగుతాను. మీ వాడలో రుబ్బురోళ్ళు ఎన్నున్నాయి?"

"రుబ్బురోలా? ఒకటే. నడిమి తెప్ప మీద ఉంది. రెండోది ఎడితే తెప్ప మునుగుతాది."

"అది ఎవరిది?"

"గురువులు బావగారు తెచ్చినారు. రుబ్బుకోడానికి తొమ్మిదిళ్ళోళ్ళూ వస్తారు."

"నిన్న అంపకంలో ఆ రోలుని సముద్రంలో పడేశారా?"

"ఓలమ్మా, అదెలా పడేస్తాం? అందరిదీని."

"పెట్టెలో పడేశారు మామ్మా. ఆ డిఎల్ఎల్ అన్నది రుబ్బురోలు లాంటి ఫైలు. గాలికోడి మాటని లెక్కగా మార్చేది అదే. ప్రతి ప్రోగ్రామూ విడిగా ఒకటి పెట్టుకోకుండా, అన్నీ వచ్చి దాని మీదే రుబ్బుకుంటాయి. తెచ్చింది గురువులుగారి ప్రోగ్రాం కాబట్టి పట్టీలో ఆయన పేరే ఉంది. తక్కినవి తర్వాత చేత్తో తెచ్చి పెట్టినవి, వాటి పేర్లు ఎవరూ రాయించలేదు. అందుకే పెట్టె ఇంకెవరూ లేరనుకుంది."

నాకు సగం అర్థమైంది. రోలు పోతే పిండి ఆగుతుంది, అది సరే. కానీ రోజూ రుబ్బుతున్నవాళ్ళని కళ్ళారా చూస్తూ కూడా పేరు రాయలేదని వాళ్ళు లేరనుకోవడం ఏమిటి? ఈ పెట్టెకి ఇంగితం లేదా?

"ఇంకా నడుస్తున్నది ఏదైనా ఉందా మామ్మా? గాలి సంగతి చెప్పేది? కొన్ని ప్రోగ్రాములు సొంతంగా, మందు నూరుకునే చిన్న కల్వం లాగ ఒక నకలు దాచుకుంటాయి. అలాంటిదుంటే అందులోంచి తీసుకోవచ్చు."

"ఏదీ లేదమ్మా. అన్నీ పడుకున్నాయి."

రేడియోలో మాట తప్ప ఫైలు రాదు. తీరం నుంచి ఫైలు రావాలంటే తిరుగుడు పడవ మీద రావాలి. తిరుగుడు పడవ రావాలంటే రేవు పలకాలి. రేవు పలకాలంటే ఫైలు కావాలి. ఇది నాలుగుసార్లు రాసుకుని చూశాను. ఎటు నుంచి చూసినా ఒకటే.

వంతు 45వ రోజు

ఇవాళ మొదటి పిలుపు.

తిరుగుడు పడవలో సరంగు ఉండడు. అది తనంతట తాను వాడ వాడకీ తిరుగుతుంది, ఏడాదికి ఒక చుట్టు. మా తెప్పలు నీళ్ళ మీద తిరుగుతూ ఉంటాయి కనుక, ముందుగా మూడుసార్లు పిలిచి అడుగుతుంది: మీ ముక్కు ఎటు ఉంది, గాలి ఎటు ఉంది, నేను ఏ పక్కన ఆనాలి? రేవు జవాబు చెబుతుంది. మూడు పిలుపులకీ జవాబు లేకపోతే ఖాళీ వాడ అని రాసుకుని పక్కనుంచే వెళ్ళిపోతుంది. మనిషి నోటి మాట వినదు. ఒకప్పుడు వినేదట. ఎవరో ఎడమ అనబోయి కుడి అంటే ఒక వాడ మధ్యకి చీల్చుకుంటూ వచ్చిందట.

ఆ పడవలో మనుషులకి ఉన్నది ఒకే ఒక్క చోటు. పదకొండేళ్ళకి ఆ చోటు నూకాలుకి వచ్చింది. పోయిన చుట్టులో కబురు పంపింది: "అప్పా, ఎడమ కన్ను పోయింది. కుడి కన్ను ఈ ఏడు దాకా ఉంటుందన్నారు. నీ మొహం ఒకసారి చూసుకుని తర్వాత గుడ్డిదాన్నవుతాను." అది హాస్యంగానే అంది. దానికి చిన్నప్పటి నుంచీ అలాంటి హాస్యాలే.

పిలుపు వచ్చింది. పెట్టెలో దీపం మూడుసార్లు వెలిగి ఆరింది. రేవు మీద నొక్కాను. గాలిదిక్కు డిఎల్ఎల్ కనబడలేదు. మళ్ళీ నొక్కాను. కనబడలేదు. ఒక దండం పెట్టి నొక్కాను. దీపం ఇక వెలగలేదు.

ఇంకో సంగతి. నాచు మోకులు దులిపి ఇంటికి వచ్చేసరికి పెట్టె పక్కన బూడిద కనిపించింది, చిటికెడు. లోపల ఏదైనా కాలుతోందా? ముక్కు ఆనించి వాసన చూశాను. కాలిన వాసనే.

వంతు 47వ రోజు

లచ్చన్న నాలుగు గంటలు తెడ్డు వేసుకుని పడమటి వాడకి వెళ్ళి ఫైలు తెచ్చాడు. లచ్చన్న వలలు బాగుచేసేవాడు. పెట్టెలు బాగుచేయడమూ తనకి వచ్చని అతని నమ్మకం.

"సిన్నమ్మా, సూడు. గాలిదిక్కు డిఎల్ఎల్. అచ్చరం తేడా లేదు. నానుండగా నీకేటి బయం?"

పెట్టెకి గుచ్చే వేలంత పుల్లలో తెచ్చిన ఫైలుని పెట్టెలోకి దింపాడు. రేవు తెరుచుకుంది! నేను చప్పట్లు కొట్టాను, ఈ వయసులో. దాసమ్మ అప్ప గుమ్మంలోంచి చూస్తూ, "ఇద్దరూ సంబడం ఆపి ఆ అంకెలు సదవండి ముందు" అంది.

చదివితే, గాలి పడమర నుంచి వస్తోందని ఉంది. బయట నా చీర కొంగు పడమరకి ఎగురుతోంది, అంటే గాలి తూర్పుది. మంచినీళ్ళు తెరిస్తే తొట్టి నిండుగా ఉందని చెప్పింది. వెళ్ళి మూత తీసి చూస్తే అడుగున రెండు బానల నీళ్ళు.

దీనికి నాకు ఇంకా భయం వేసింది. నడవకపోతే నడవలేదని తెలుస్తుంది. నడుస్తూ అబద్ధం చెబితే?

మధ్యాహ్నం మరిడమ్మ అంది, "పేరు ఒకటే గానీ ఫైలు ఒకటి కాదు మామ్మా. పడమటి వాడ గాలికోడి వేరు, మీది వేరు. మీ కోడి తిరగేసి బిగించి ఉందని గురువులుగారు మీ ఫైలుని దానికి తగ్గట్టు దిద్దుకున్నారు. ఇప్పుడున్నది వెంటనే తీసెయ్యండి."

లచ్చన్న రేడియో చేతిలోంచి లాక్కున్నంత పని చేశాడు. "తీసెస్తే ఎలగమ్మా? రేవు పలుకుతంది గదా. పడవ వొచ్చెస్తాది గదా!"

"ఏ పక్కకి వస్తుంది బాబూ?"

లచ్చన్న బయటికి వెళ్ళి గాలికోడి వైపు చూశాడు.

ఎల్లుండి రెండో పిలుపు. ఉంచనా, తీసెయ్యనా? ఉంచితే నూకాలు వస్తుంది. వచ్చే పడవ తిరగబడిన లెక్క చూసుకుని ఇళ్ళ మీదకి వస్తుంది. అందులో ఉండేదీ నూకాలే. రెండు రోజులు ఆలోచించాలి.

వంతు 49వ రోజు

పిలుపుకి ముందే ఆ ఫైలు తీసేశాను. దీపం మూడుసార్లు వెలిగింది. చూస్తూ కూర్చున్నాను. ఆరిపోయింది.

"సేతులారా పోగొట్టుకున్నావు సిన్నమ్మా," అన్నాడు లచ్చన్న.

"నోరు ముయ్యిరా. దానికి సెల్లెలు కావాలి గానీ సెల్లెలి శవం ఎందుకురా?" అంది దాసమ్మ అప్ప. అప్ప నోరు అలాంటిది. నాకు ఏడుపు వచ్చింది, అప్ప నా వీపు మీద ఒక్కటి చరిచి వెళ్ళిపోయింది.

మరిడమ్మ పడవ వాళ్ళ ఆఫీసులో అడిగి చూసిందట. రేవు పలకకుండా దారి మార్చడానికి వాళ్ళకి వీల్లేదన్నారట. ఇక మిగిలింది యాభై మూడో రోజు, పొద్దు వాలే వేళ.

బూడిద రోజూ కనిపిస్తోంది. ఇవాళ ముక్కాలిపీట కూడా జరిగి ఉంది. లోపల కాలి కాలి పెట్టె వణికి పీటని తోస్తోందా? మరిడమ్మని అడిగితే పెట్టెలు బూడిద రాల్చవంది. రాలుస్తున్నది నా కళ్ళ ముందే ఉంటే!

వంతు 51వ రోజు

గాలి కబురు చెప్పేవాళ్ళు లేక వాడంతా తడిసిపోతోంది. ఎనిమిదిళ్ళ బట్టలు తడిశాయి. ఆరేసిన నాచు మళ్ళీ నానింది. దాసమ్మ అప్ప బట్టలు మాత్రం జల్లు పడే గడియకి ముందే లోపలికి పోతాయి. ఇవాళ ఎండ కాస్తుండగా చీర తీసేస్తోంది. నవ్వాను. అన్నం వార్చేలోపు వాన పడింది.

"అప్పా, నీకెలా తెలుస్తాది?"

"మోకాళ్ళు సెప్తాయే."

నాకూ మోకాళ్ళున్నాయి. అవి ఎప్పుడూ నొప్పి అనే చెబుతాయి, ఏ దిక్కో చెప్పవు. పెద్ద వయసు మోకాళ్ళకి ఎక్కువ తెలుస్తుందేమో.

వంతు 53వ రోజు, పొద్దున్న

వరసగా రాయడానికి చూస్తాను.

ఇవాళ మూడో పిలుపు. ఇంట్లో కూర్చుంటే పిచ్చెక్కుతుందని పొద్దున్నే నాచు మోకుల దగ్గరికి వెళ్ళాను. పది బారలు దులిపేసరికి జల్లు అందుకుంది. రోజూ కంటే ముందుగా వెనక్కి వచ్చేశాను. గుమ్మం దగ్గరికి వచ్చేసరికి లోపల మాట వినిపించింది.

"దాసీ. ఇయాల ఈశాన్యం గాలి. పొద్దున్నే జల్లు. బట్టలు బేగి తీసీ."

గురువులు బావగారి గొంతు. మాటకీ మాటకీ మధ్య ఆయన దగ్గే దగ్గు కూడా ఉంది.

తడి మోకు చేతిలోంచి జారిపోయింది. ప్రాణం కదల్లేదు. ఏదో మిగిలిపోయింది, దానికి చుట్టుకుని ఇక్కడే ఉండిపోయారు. నేను సరిగా తీసెయ్యలేదు. అంతా నా వల్లే.

లోపల ముక్కాలిపీట మీద దాసమ్మ అప్ప కూర్చుని ఉంది. నోట్లో అడ్డచుట్ట, నిప్పు వైపు లోపలికి పెట్టుకుని. ఏళ్ళ నుంచీ అలాగే తాగుతుంది. మాట్లాడటానికి చుట్ట తీసేసరికి బూడిద పెట్టె పక్కన రాలింది.

"అరవకు. అరిస్తే వాడంతా వొచ్చెస్తాది."

"అప్పా, బావగారు..."

"బావగారు లేడే. ఆయన సెప్పి ఎట్టిన మాటలివి. రెండొందల ముక్కలు సెప్పి ఎట్టినాడు. దిక్కులన్నీ, జల్లు, ముసురు, ఎండ. రోజూ కోడిని సూసి ఏరుకుని సెప్తాది. నా బట్టల కోసం సేసినాడు. కూకో, పడిపోయేలా ఉన్నావు."

కూర్చున్నాను. "అంపకం రోజున అంతా ఇచ్చీసినట్టేనా అంటే అవునన్నావు గదా?"

అప్ప చుట్ట కొన నలిపి ఆర్పింది.

"కాదనడానికి లేకపోనాది గదే ఆ రోజు," అంది. "నువ్వు మాత్రం? 'కాదు' నొక్కలేక 'అన్నింటికీ అవును' నొక్కీసినావు. ఒక్క మాటతో ఇద్దరం సెడిపోనాం."

రోజూ నేను మోకుల దగ్గరికి వెళ్ళగానే వచ్చి వింటోందట. బూడిద పెట్టెది కాదు. మోకాళ్ళకీ ఏమీ తెలియదు. ఇవన్నీ ఒకదాని తర్వాత ఒకటి నా బుర్రలో దిగేసరికి ఇంకోటి దిగింది. 'గాలికోడిని చూసి చెబుతుంది' అంది కదా అప్ప! గాలిదిక్కు లేకుండా ఎలా చెబుతోంది? మరిడమ్మ అన్న కల్వం!

"అప్పా, దీనికి సొంత ఫైలు ఉందా?"

"నాకేటి తెలుస్తాది? ఆ లచ్చన్నగాడు పెట్టెలో సెయ్యి ఎట్టకుండా ఉండడు, ఏది పాడైనా నీ బట్టలు తడవకూడదు, దీనికి ఏరే ఎడతాను అన్నాడొకసారి. ఏటి ఎట్టినాడో నానడగలేదు."

మరిడమ్మకి చెప్పాలి. చెబితే రేడియోలో వాడలన్నీ వింటాయి. పోయినవాడి గొంతు దాచుకుని అంపకంలో అబద్ధం ఆడిందని అప్పని అందరూ అంటారు. చెప్పకపోతే నూకాలు రాదు. అప్పని అడగకుండా చెప్పలేను. మధ్యాహ్నం రేడియో పలికేలోపు అడగాలి.

వంతు 53వ రోజు, సాయంత్రం

రేడియో పలకగానే నేను మైకు తీసుకోబోతే అప్ప లాక్కుంది.

"మరిడమ్మా, నాను గురువులు పెళ్ళాన్ని, దాసమ్మని. అందరూ ఇనండి, మళ్ళీ మళ్ళీ సెప్పను. ఆయన గొంతు ఒకటి పెట్టెలో దాసుకున్నాను. అంపకంలో అవునని అబద్దం ఆడినాను. అనుకోవలసిన వోళ్ళు తరవాత అనుకోండి. మా తోడికోడలు పైడితల్లి సెల్లెలు రావాలి, బేగి ఏటి సెయ్యాలో సెప్పు."

మరిడమ్మ నెమ్మదిగా, "'దాసి బట్టలు' ఫోల్డరు తెరవండి. లోపల ఏమేం ఉన్నాయో చదవండి" అంది.

చదివాను. గొంతులు, పదాలు, ఏవేవో. చివరికి: గాలిదిక్కు డిఎల్ఎల్. అప్ప మైకు నోటి దగ్గర పెట్టుకుని ఆ మాటే రెండోసారి గట్టిగా చెప్పింది.

"దాని మీద నొక్కి, నకలు అన్నది ఎంచుకోండి మామ్మా. కత్తిరించు కాదు. కత్తిరిస్తే ఇక్కడిది పోతుంది. నకలు."

నకలు, నకలు అనుకుంటూ నొక్కాను. ఉమ్మడి ఫోల్డరులో పెట్టాను. రేవు తెరిచాను. తెరుచుకుంది. గాలి ఈశాన్యం. బయటికి వెళ్ళి కొంగు వదిలి చూశాను. ఈశాన్యమే. మంచినీళ్ళు అడిగితే బానన్నర అంది. మూత తీసి చూస్తే బానన్నరే. తక్కువ నీళ్ళు చూసి అంత సంతోషించడం నా బతుకులో అదే మొదటిసారి.

"ఇప్పుడు పట్టీలో పేర్లు రాయించండి," అంది మరిడమ్మ. "రేవు, మంచినీళ్ళు, మోకులు. ఎవరెవరు ఆ రోలు వాడుతున్నారో పెట్టెకి తెలియాలి. రేపు ఒకరు వెళ్ళిపోయినా తక్కినవాళ్ళ పేర్లు చూసి అది తీసెయ్యదు." మూడు పేర్లూ రాయించాను. నాకు చేతనైన పని రాయడం ఒక్కటే.

పొద్దు వాలింది. దీపం వెలిగింది. ఒకటి, రెండు, మూడు. రేవు పలికింది. దీపం ఆరలేదు, ఆకుపచ్చగా నిలిచిపోయింది. తారీఖు రేపు చెబుతానని తెర మీద వచ్చింది.

లచ్చన్న గుమ్మంలో నిలబడి ఉన్నాడు. అప్ప వైపు చూడకుండా నా వైపే చూస్తూ, "అయితే సిన్నమ్మా, నాను సెయ్యెడితే పాడవుతాదనేనా పెద్దాయన ఏరే ఎట్టినాడు?" అన్నాడు. అప్ప, "రేడియోలో అది మాత్రం సెప్పలేదు, సంతోసించు," అంది.

వంతు 54వ రోజు

పొద్దున్నే దాసమ్మ అప్ప తలంటుకుని, ఉతికిన చీర కట్టుకుని వచ్చింది. చుట్ట లేదు.

"తీసీ. నీ వంతు. పద్దతి పద్దతే. రాత్రి లచ్చన్న వొచ్చి, ఎవురూ ఏటీ అనుకోలేదు పెద్దమ్మా అని సెప్పి ఎల్లినాడు. అనుకోలేదని సెప్పడానికి వొచ్చినాడంటే అనుకున్నట్టే."

"ఒకసారి వింటావా ముందు?"

"ఇన్నానే. నిన్న ఇన్నాను. సాలు."

పట్టీ తెరిచాను. దాసి బట్టలు. తీసివేయి నొక్కాను. పెట్టె అడిగింది: "దాసి బట్టలు, దానితో ఉన్న ఫైళ్ళు, గొంతులు అన్నీ తీసివేయమంటారా?" కింద గళ్ళు. అవును. కాదు.

మౌసు పట్టుకుని కూర్చున్నాను. పెట్టె అడిగిన ప్రతిదానికీ నేను ఇంతవరకూ అవుననే అన్నాను. అది అడుగుతోందంటే దానికి తెలిసే అడుగుతోందనుకున్నాను. తెలియకే అడుగుతుందని ఇప్పుడిప్పుడే అర్థమవుతోంది.

"అప్పా, ఇవాళ అంపకం రోజా?"

"కాదు గదే."

"దీని మీద ఉన్నది ఎవరి పేరు?"

అప్ప తెర వైపు చూసింది. అప్పకి చదవడం రాదు. నేనే చదివి చెప్పాను. దాసి. బావగారి పేరు ఎక్కడా లేదు. బతికున్నవాళ్ళ వస్తువులు సముద్రానికి ఇవ్వమని ఏ పద్ధతిలోనూ లేదు. వచ్చే ఏడు వంతు వచ్చేవాళ్ళు ఇది తప్పంటే నా పేరు చెప్పండి, ఇక్కడ రాసి పెట్టాను.

కాదు నొక్కాను.

అప్ప కొంగుతో పెట్టె పక్కన బూడిద తుడిచింది, ఇవాళ బూడిద లేకపోయినా. తర్వాత, "ఏ దిక్కంటాడో అడుగు మరి. తలంటుకున్నాను, సీర ఆరెయ్యాలి," అంది.

దక్షిణం గాలి అన్నారు బావగారు. సాయంత్రం దాకా ఎండ అన్నారు.

మధ్యాహ్నం పడవ నుంచి తారీఖు వచ్చింది. మూడుసార్లు చదివి, అప్పకి వినిపించి, మరిడమ్మతో మళ్ళీ సరిచూసుకుని రాస్తున్నాను. నూకాలూ, తెప్పకి కుడి పక్కన దిగు, ఎడమ పక్క పలక వదులుగా ఉంది, నేను పట్టుకుంటాను. నీ చుక్కల మందు మర్చిపోకు. పడవ వచ్చేది వంతు 61వ రోజు, పౌర్ణమి వెళ్ళిన మూడో నాడు, పొద్దుట పోటు మీద.